దాదిరాలి పాట

ఆయమ్మకు లోకంలో అన్నిటికంటే పెద్ద భయం ఒక్కటే: పుట్టిన బిడ్డ ఏడవకపోవడం. ముప్పై ఒక్క ఏళ్లుగా కాన్పుల గదిలో నీళ్లు కాచి, గుడ్డలు ఉతికి, నేల తుడిచిన మనిషి. రక్తం చూసి బెదరదు, డాక్టరమ్మ కేకలకు బెదరదు. బిడ్డ బయటపడ్డాక మొదటి ఏడుపు వినపడేదాకా మాత్రం ఊపిరి బిగబట్టుకునే ఉంటుంది.

ఆ పొద్దున కూడా ఎప్పటిలాగే ఉతికిన గుడ్డలు మడత పెడుతోంది. పొట్టి మనిషి, వెడల్పాటి భుజాలు, మందునీళ్లలో నాని నాని ముడతలు పడిన అరచేతులు. కాళ్లకు నీలం రబ్బరు చెప్పులు. ఎడమదాని పట్టీ తెగితే కట్టుగుడ్డతో ముడి వేసుకుంది. ఉద్యోగానికి అదే ఆఖరు రోజు. సాయంత్రం ఆసుపత్రి ఆవరణలోని చిన్న చర్చిలో మరియమ్మ స్తుతిగీతం ఆమె చేతే పాడించాలని హెడ్ నర్సు పట్టుబట్టింది.

కడుపులో బిడ్డ పడినందుకు యేసు తల్లి దేవుడికి కృతజ్ఞత చెప్పుకున్న పాట అది. సాయంకాలారాధనలో అందరూ పాడతారు. ఆయమ్మ ప్రతి కాన్పులోనూ పాడుతుంది. చదువు రాదు. చిన్నప్పుడు వెనక బెంచీలో కూర్చుని చెవులతో పట్టుకున్న పాట. దేవుడు తన దాసురాలి దీనస్థితి చూశాడన్న చోట ఆమె చెవిన పడింది 'దాదిరాలి' అని. దాది అంటే పుట్టే బిడ్డను చేతుల్లోకి తీసుకునే మనిషి. అంటే తనే. అంత పెద్ద దేవుడు పనిగట్టుకుని ఒక ఆయా వైపు చూశాడని ఆమెకు ఎంత గొప్పో. ఆ చోటు రాగానే గొంతు రెండింతలయ్యేది.

ముందు రోజే చర్చిలో ఆమె పాడి చూసుకుంటుంటే కొత్త పాస్టరుగారు విని, మాట తప్పు పడుతోందని మెల్లగా దిద్దారు. ఆయమ్మ ఊరుకోలేక అటునుంచి అటే కూతురింటికి వెళ్లి బైబిలు తీయించింది. కూతురు తొమ్మిదో తరగతితో చదువాగిపోయిన పిల్ల, చంకలో నెలల బిడ్డ. వేలు పెట్టి కూడబలుక్కుని చదివింది.

"దాసురాలే అమ్మా."

"సరిగ్గా చూడవే. అచ్చుతప్పేమో."

"బైబిల్లో నీకోసం అచ్చుతప్పులు వేస్తారా?"

ఇక పొద్దున్నుంచీ నేల తుడుస్తూ దాసురాలి, దాసురాలి అని నోట్లో నానబెడుతోంది. ఏం మంత్రం నేర్చుకుంటున్నావని నర్సు ఆటపట్టించింది. ఆయమ్మ నవ్వలేదు. తప్పు పాడితే ఆఖరు రోజున నలుగురిలో నవ్వులపాలు. ఒప్పు పాడితే, దేవుడు తన వైపు చూసిందే లేదని తన నోటితో తనే ఒప్పుకున్నట్టు.

సాయంత్రం, ఆరాధనకు ఇంకా పావుగంట ఉందనగా, మూడో మంచం అమ్మాయికి కాన్పయింది. పందొమ్మిదేళ్ల పిల్ల, తొలిచూలు. ఆడపిల్ల పుట్టింది. ఏడవలేదు.

డాక్టరమ్మ గొంతు శుభ్రం చేస్తోంది. ఒళ్లు తుడిచి, వెచ్చటి గుడ్డతో వీపు రుద్దడం ఆయమ్మ పని. నీలంగా, తడిగుడ్డలా వేలాడుతున్న ఆ వీపును ఆమె రుద్దుతూనే ఉంది. ఎప్పుడు మొదలుపెట్టిందో తెలియదు, పాట దానంతటదే వచ్చేసింది. దాసురాలు గుర్తుకే రాలేదు. దాదిరాలి దగ్గర గొంతు పైకి లేచింది. అరచేతి కింద చిన్న వీపు ఒక్కసారి ఎగిరింది. ముందు పిల్లికూనలా, ఆపైన గది కప్పు లేచిపోయేలా ఏడుపు.

"ఇక నువ్వాపు ఆయమ్మా," అంది డాక్టరమ్మ. "అది అందుకుంది."

ఏడుస్తోంది కదా, బాగానే ఉంది కదా అని తల్లి అడిగిందే అడుగుతోంది.

"ఏడవడమా! నా గొంతే వచ్చింది దీనికి. ఇక నీకు నిద్ర లేనట్టే తల్లీ," అంది ఆయమ్మ.

ఇంతలో చర్చి గంట మోగింది. ఆయమ్మ చేతులు కడుక్కుని, తడిసిన చెప్పులు గుమ్మం పక్కన విడిచి, వట్టికాళ్లతో పరుగెత్తింది.

పాట బాగానే ఎత్తుకుంది. ఆ చోటు రాబోతుండగా పాస్టరుగారి ముఖం కనపడింది. నోరు ఆగిపోయింది. చర్చి అంతా నిశ్శబ్దం. బిడ్డ ఏడవని గదిలో ఉండే నిశ్శబ్దం అది.

అప్పుడు ఆడవాళ్ల వరుస అందుకుంది. చంకల్లో బిడ్డలున్నవాళ్లు, ఆ బిడ్డల అమ్మమ్మలు, ఒకప్పుడు ఆమె చేతుల్లోనే మొదటిసారి ఏడ్చిన పెళ్లీడు పిల్లలు, అందరూ ఒక్క గొంతుతో 'దాదిరాలి' అన్నారు. వాళ్లలో సగానికి సగం ఆ పాట నేర్చుకున్నది కాన్పుల గదిలో, నొప్పులు పడుతూ, ఆమె నోటినుంచే. ఈ చర్చికి వచ్చిన రోజునుంచీ ఆ చోట తన చెవికి ఏదో తేడాగా తగలడం ఎందుకో పాస్టరుగారికి అప్పుడు అర్థమైంది. పుస్తకం మూసి ఆయనా కలిశారు. ఆయమ్మ మెడ నిటారుగా ఎత్తి మిగతా పాటంతా పాడింది.

ఆరాధన అయ్యాక కాన్పుల గది వైపు తిరిగి చూడలేదు. చూస్తే కాళ్లు కదలవని ఆమెకు తెలుసు. అలా వట్టికాళ్లతోనే వీధి మలుపు తిరిగి వెళ్లిపోయింది.

రెండు వీధుల అవతల, కుట్టుమిషన్ల షాపు వెనక ఒంటిగది ఆమెది. అక్కడ ఏ బిడ్డా ఏడవదు. బాగానే ఉన్నానంటుంది, నమ్మకండి. మీరు ఆ దారిన వెళ్తే ఒక్కసారి తలుపు తట్టి చూసి రండి. మూడో మంచం పసిది ఏడుపుతో ఆసుపత్రి కప్పు ఎగరగొడుతోందని చెప్పండి. గుమ్మం పక్కన, ఎడమ పట్టీకి కట్టుగుడ్డ ముడి వేసిన ఆ నీలం చెప్పులను, నేల తుడవడానికొచ్చిన కొత్త మనిషి రోజూ ఎత్తి, కింద తుడిచి, మళ్లీ అక్కడే పెడుతోందని కూడా చెప్పండి.