తెర పక్కన విన్న పిలుపు

అది నాటకంలో మాటా, ప్రాణం పోతూ పిలిచిన పిలుపా? పద్నాలుగేళ్ళుగా దేవసహాయానికి అదే సందేహం. అంతా వినే ప్రభువు ఆ పిలుపును తన చెవినే ఎందుకు వేశాడో ఏ ఆదివారం ప్రార్థనలోనూ తెలియలేదు.

అంబాజీపేటలో కొబ్బరికొట్టు పెరట్లో పొద్దున్నుంచీ కాయలు వలుస్తున్నాడు. నేలలో పాతిన ఇనుప మేకుకు కాయను గుచ్చి ఒడుపుగా మెలితిప్పితే పీచు డొక్క విడిపోతుంది. అరచేతులు తాబేటి వీపుల్లా మొద్దుబారాయి. డెబ్బై మూడులో ఆ చేతులతోనే సాయంత్రాలు నాటకం ప్రతి పట్టుకుని, తెర పక్కన నిలబడి గుసగుసగా మాటలు అందించేవాడు.

ఒక రిహార్సలు సాయంత్రం, ఇరవై రెండేళ్ళ నటుడు అంజిబాబు రిహార్సలు జరిగే పాక వెనక్కి వెళ్ళాడు. కాసేపటికి "అమ్మా" అని కేక. నాటకంలో యుద్ధంలో కూలిపోయే సైనికుడి మాట అదే. "దీర్ఘం చాల్లేదు, ఇంకోసారి," అన్నాడు దేవసహాయం లోపల్నించి. మళ్ళీ వినబడలేదు. కత్తిపోట్లతో అంజిబాబు శవం చెట్ల మధ్య దొరికింది. పొడిచిందెవరో పోలీసులు ఈనాటికీ తేల్చలేదు. చివరిగా ఏమన్నాడని తల్లి వీరాయమ్మ అడిగితే దేవసహాయం, సిగ్గో భయమో, "ఏమీ వినబడలేదండి" అనేశాడు.

"కాయకి నొప్పి కలగకుండా వలుస్తున్నావేంటయ్యా?"

వీరాయమ్మే. పొయ్యిలోకి డొక్కల కోసం రోజూ వస్తుంది. ఎండినవి ఏరి ఉంచాడు.

"ఇయ్యాళ వద్దులే నాయనా. మజ్జాన్నం బస్సుకి ద్రాక్షారామం పోతున్నాను, అమ్మాయి దగ్గరికి. ఇంక అక్కడే."

దేవసహాయం చేతిలో కాయ మేకు మీదే ఆగిపోయింది.

"పిన్నిగారూ, ఆ రోజు అంజిబాబు పిలిచేడండి. అమ్మా అన్నాడు. నాటకంలో మాటనుకున్నానండి. కదల్లేదండి."

ఆమె డొక్కల కుప్ప అంచున కూర్చుంది. అలవాటుగా తలమీద పెట్టుకొచ్చిన చుట్టకుదురు తీసి పక్కన పెట్టింది.

"గట్టిగా పిలిచేడా?"

"ఆయ్. గట్టిగానేనండి."

"మా ఇల్లు ఆ పాకకి పది చెట్ల అవతలే. నాకెందుకు వినబళ్ళేదో."

అతను మేకు మీది కాయ తీసి కింద పెట్టాడు.

"ఎలాగన్నాడో అను."

ఎన్నడూ గొంతెత్తి ఎరగని మనిషి నడుం నిటారు చేసి, కొబ్బరికొట్టంతా వినబడేలా అన్నాడు. "అమ్మా."

"ఆఁ," అంది వీరాయమ్మ. "ఆఁ, నాయనా."

కళ్ళు తుడుచుకుని లేచి, అతని భుజం తట్టి, బస్సు వచ్చే దారిన వెళ్ళిపోయింది.

డొక్కల మీద, ఆమె తల గుండ్రం ఇంకా వదలని చుట్టకుదురు.