వెదురుపొద దగ్గర ఖాళీ

మా అత్తకి ఊపిరి అందడం లేదు గానీ నోటికి మాత్రం ఏ లోటూ లేదు. వెదురు మంచం మీద పడుకునే నా కుట్టుకు వంకలు పెడుతోంది.

"ఆ గుర్రం ఏమిటే, పందిలా ఉంది?"

"నువ్వెక్కేది కాదులే."

థాయిలాండ్‌లోని ఈ శరణార్థి శిబిరం చుట్టూ ముళ్లకంచె. బతికుండగా బయటికి పోనివ్వరు, చచ్చాక కూడా తిప్పలే. మా హ్మాంగ్ తెగలో మనిషి పోతే పాటగాడు ఆ ఆత్మను అది బతికిన ప్రతి చోటికీ వెనక్కి నడిపిస్తూ పుట్టినింటి దాకా పంపాలి. అక్కడ పుట్టినప్పుడు మంచం కింద పాతిన బొడ్డుమాయను చొక్కాలా తొడుక్కున్నాకే పెద్దలను చేరుకునేది. దారిలో ఒక్క చోటు తప్పిందా, ఆత్మ చిక్కుకుపోతుంది. మా పాటగాడు చూ నెంగ్ వేరే లోయవాడు, మా దారి ఎరగడు. అందుకే అత్త చెబుతుంటే నీలం గుడ్డ మీద నేను కుడుతున్నాను. శిబిరం, మెకాంగ్ నది, లావోస్ కొండలు, ఆమె పుట్టిన ఊరు.

నదికీ కొండలకీ నడుమ జానెడు ఖాళీ వదిలాను. చూసుకోడానికి వచ్చిన చూ నెంగ్ అక్కడే వేలు పెట్టాడు.

"ఇక్కడేముంది, జౌవా?"

"ఏం లేదు పెద్దయ్యా. ఊరికే నడిచాం."

"వెదురుపొద ఉంది," అంది అత్త.

ఉంది. లావోస్ నుంచి పారిపోయి వస్తూ ఆ పొదలో దాక్కున్నప్పుడు, మమ్మల్ని వెతికే సైనికులు పక్కనే తిరుగుతున్నారు. నా పసివాడు లెంగ్ ఏడుపు ఆపలేదు. అత్త వాడి నాలుక మీద నల్లమందు రాసింది. మేమంతా బతికాం, వాడు మళ్లీ లేవలేదు. ఆమెకు అన్నం పెడుతున్నాను, ఒళ్లు తుడుస్తున్నాను, కానీ క్షమించలేదు.

పెద్దాయన వెళ్లాక అత్త నా చెయ్యి పట్టుకుంది.

"కోపంతో నన్నిక్కడే ఉంచేస్తావటే?"

"ఉండు. నేను ఉండటం లేదా?"

చాలాసేపు దగ్గింది. "ఉంటాను. నాకు తగిందే. కానీ వాడక్కడ ఒక్కడే ఉన్నాడే. నన్ను ఆ దారిన పోనివ్వకపోతే వాడి దగ్గరికి ఎవరు పోతారు?"

కోపం తగ్గలేదు. ఏడుస్తూనే సూదిలో ఆకుపచ్చ దారం ఎక్కించాను. వెదుర్లు కుట్టాను. వాటి మొదళ్ల దగ్గర పిల్లాణ్ణి కుట్టి, తలకు పూలటోపీ పెట్టాను. దయ్యాలు పువ్వనుకుని వదిలెయ్యాలని మా పిల్లలకు పెట్టేదే అది. ఉన్న ఎర్రదారమంతా దానికే అయిపోయింది.

"టోపీ మరీ పెద్దదైందే," అంది అత్త.

"నీకు చూపు ఆనదుగా. గుర్తుపట్టక వాణ్ణి దాటిపోతావు."