ప్రశ్న లేని తరగతి

ఆ డిసెంబరు ఉదయం శంషాబాద్ మీద మంచు ఎంతకీ వీడలేదు. దిగే దారి కానరాని విమానాలు పైన ఎక్కడో తిరుగుతున్న హోరు మాత్రం వినిపిస్తోంది. ప్రేమలత ఆటో దిగి నిలబడింది. తాను ప్రిన్సిపాలుగా ఉన్న ఇంజనీరింగ్ కాలేజీ ఆమెకు వెంటనే కనబడలేదు. ముందు లాఠీలు, తర్వాత ఖాకీ బట్టలు, ఆ వెనుక గేటు మెల్లగా తేలివచ్చాయి. కలలో ఎవరింటికో వచ్చినట్టు అనిపించింది.

పోలీసులను కోరినవారిలో ఆమె కూడా ఉంది. హాస్టల్ నీళ్లు వాసన వస్తున్నాయని పిల్లలు ఎన్నోసార్లు చెప్పుకున్నారు. జూలీ అనే అమ్మాయి పచ్చకామెర్లతో దవాఖానలో చేరాక గేటుకు తాళం వేసి కూర్చున్నారు. ఆఫీసు అద్దాలు పగిలాయి. యాజమాన్యం హైకోర్టుకు వెళ్లింది. అర్జీ మీద ప్రేమలత సంతకం పెట్టింది. చదువుకునేవారిని అడ్డుకోరాదనీ, నిరసన గేటుకు దూరంగా జరగాలనీ, కాలేజీకి పోలీసు రక్షణ ఇవ్వాలనీ కోర్టు ఆదేశించింది. అందులో తప్పుపట్టవలసింది ఏమీ లేదు.

ఆమె ఫిజిక్సు పాఠానికి సగం మంది వచ్చారు. వరండాలో బూట్లు నడుస్తున్నాయి. కిటికీల నిండా తెల్లటి మంచు. ఇంత నిశ్శబ్దంగా ఆమె ఎన్నడూ పాఠం చెప్పలేదు. అర్థమైందా అని అడిగితే అందరూ తలలూపారు. వెనుదిరిగి చూసుకుంటే బోర్డు మీద లెక్క మొదటి వరుసలోనే తప్పుంది.

చిన్న పొరపాటుకైనా లేచి నిలబడే భాగ్యలక్ష్మి ముందు బెంచీలోనే ఉంది. ఎందుకు చెప్పలేదని ప్రేమలత అడిగింది.

"చెప్తే ఏమనుకుంటరో అని భయమైంది మేడం," అంది ఆ పిల్ల, తల దించుకుని.

ప్రేమలత చేతిలోని సుద్దముక్క కింద పెట్టింది. ఎటు పోతున్నానని తనను తాను అడగకుండానే మెట్లు దిగి, గేటు దాటి, మంచులో నడిచింది. రోడ్డుకు అవతల బండరాళ్ల మీద మిగతా పిల్లలు శాలువాలు కప్పుకుని కూర్చున్నారు. ఆమె వెళ్లి వాళ్ల మధ్య కూర్చుంది.

హెడ్ కానిస్టేబుల్ అనంతయ్య పరేషాన్ అయ్యాడు. "మీరు గిట్లొచ్చి కూసుంటే మేమెవరికి కాపలా కాయాలె మేడం?"

పిల్లల నాయకుడు శివ ఆమె వైపు తిరిగాడు.

"రాయి ఇసిరింది నేనే మేడం. తప్పే. కానీ నీళ్ల గురించి చెప్తే ఎవ్వరు ఇనలే. అద్దం పగిలినంకనే అందరికి ఇనబడ్డది."

ఆ మాట ఆమెకు గుచ్చుకుంది. జూలీ ఎట్లుందని అడిగింది. కోలుకుంటోందని, అయినా ఇంకా మంచం దిగలేదని చెప్పారు. ఇన్నాళ్లూ ఆ ప్రశ్న తాను ఎవరినీ అడగలేదని ఆమెకు అప్పుడు తెలిసివచ్చింది.

మధ్యాహ్నానికి ఎండ వచ్చింది. పిల్లల ముందరే ఆమె నీళ్ల ట్యాంకు మూత తీయించింది. అడుగున మోకాలి లోతు బురద, అందులో చచ్చిన పావురాలు ఉన్నాయి. ఎవరిని అడిగి తెరిపించారని యాజమాన్యం ఫోన్‌లో గద్దించింది.

"కోర్టు మనకు రక్షణ ఇచ్చింది, పిల్లలతో మాట్లాడొద్దని చెప్పలేదు," అని ఆమె ఫోన్ పెట్టేసింది.

ట్యాంకు కడిగించారు, పాడైన పైపులు మార్చారు. రాయి విసిరినందుకు వేసిన శిక్షను శివ ఒప్పుకుని కొన్నాళ్లు తరగతికి దూరంగా ఉన్నాడు. పిల్లలు లోపలికి వచ్చాక పోలీసులు తమంతట తామే వెళ్లిపోయారు. వేసవిలో యాజమాన్యం ప్రేమలతను ప్రిన్సిపాలు పదవి నుంచి తప్పించింది. ఆమె పాఠాలు చెప్పుకుంటూ అక్కడే ఉండిపోయింది. తరగతిలో మళ్లీ ప్రశ్నలు మొదలయ్యాయి, కొన్ని ఆమెకు జవాబు తెలియనివి కూడా.

చదువుల తల్లి ఇంటికి పోలీసు కాపలా ఒక్కోసారి అవసరమే కావచ్చు. కాని పోలీసు కాపాడగలిగేది గేటునూ గోడలనూ మాత్రమే. పిల్లలు జంకు లేకుండా అడిగే చోటును కాపాడవలసినవారు, వాళ్ల మాట మొదటిసారే వినవలసిన పెద్దలు.