అల్లుఁడు పట్టిన బురదదొందు

శ్రావణమేఘములు విడిపోయి తొలియెండ పొడసూపఁగా వికసితకమలశోభితంబును జలవిహంగకలకలముఖరితంబును నగు పెదకొల్లు సరస్సు జమ్ములంక ముంగిట నద్దమువలె నిగనిగలాడుచుండెను. పైకెంత నిర్మలమో యడుగున నంత పంకిలము. ఆ పంకమే మందిరముగా నిద్రయే నిత్యకృత్యముగా సోమరితనమే యలంకారముగా వసియించు బురదదొందను మీనము ఆ సరస్సునఁ దప్ప లోకమున మఱెందును బుట్టదని లంకవారి యభిమానము.

ఆ యభిమానము క్రొత్తయల్లుండ్ర పాలిటఁ బ్రాణసంకటమై పరిణమించెను. భార్యను గాపురమునకుఁ గొనిపోఁదలఁచిన యల్లుఁడు ఱొమ్ములోఁతు నీట మునిఁగి వల లేక గాలము లేక వట్టిచేతులతో నొక బురదదొందును బట్టి యత్తగారి కర్పింపవలయును. పట్టలేనివాఁడు మఱుసటియేఁటిదాఁక నొంటిగా నుండవలసినదే. మామగారు సాక్షియై చెంత నీట నిలువవలయును గాని చేఁప బెదరునని పెదవి కదపరాదు; ఒడ్డున నున్నవారి కీ నిర్బంధము లేదు.

సముద్రతీరమునఁ బుట్టి తిమింగిలములనైన లెక్కసేయనని పెండ్లిలో బీరములు పలికిన క్రొత్తయల్లుఁడు నూకరాజు ఆ యుదయమున నీట దిగియు నొడ్డువంకనే చూచుచుండెను. కడలిలోఁ జేఁప తనంతఁ దానే వలలోఁ బడును. ఇచ్చట బురద గెలుకవలయును. ఒడ్డున మూటాముల్లెతోఁ గూర్చున్న భార్య పెద్దింట్లును జూచినకొలఁది వాని గుండె చెఱువయ్యెను. ఆమె లేక యింటికిఁ బోయి యేఁడాది గంజి తాను గాఁచుకొనుటకంటె నీ బురదలో సమాధి యగుటయే మేలని వానికిఁ దోఁచెను.

"ఏవయ్యోయ్! మెత్తగా, జారుడుగా చేతికి తగిలిందంటే అదే! పీక పోయినా వదలమాక!" అని పెద్దింట్లు కేక వేసెను.

నూకరాజు బుడుంగున మునిఁగెను. కలఁక నీటఁ గనులు గానవయ్యెను. తడుమఁగాఁ దడుమఁగా బలిసినదియు నాచుపట్టి జాఱునదియు నగు నొక పదార్థము చేతికిఁ జిక్కి గిలగిలఁ గొట్టుకొనెను. వాఁడు పరమానందభరితుఁడై రెండుచేతుల బిగియించి పట్టెను. అది మామయగు నాంచారయ్య కుడికాలి బొటనవ్రేలు.

నాంచారయ్య లంకకుఁ బెద్ద. మీసము మొలచినది మొదలు ఆచారభంగ మెఱుఁగనివాఁడు. అఱచినచో నాచారము చెడును. అఱవకున్నచో వ్రేలు చెడును. ఆ ధర్మసంకటమున నా మహానుభావుఁడు కనులు వెలికుఱుకఁ గాలు విదిలించెనే కాని నోరు విప్పఁడయ్యెను. విదిలించినకొలఁది నల్లుఁడు, ఎంత బలముగల చేఁప యని మురియుచు మఱింత గట్టిగా లాఁగెను. మామకుఁ బూనకము వచ్చెనని యొడ్డునఁ గల జనులు చేతులు జోడించిరి. తుదకుఁ బెద్దమనిషి వెల్లకిల నీటఁ గూలెను.

లేచునప్పటికి నాతని పంచెకుచ్చెళ్లలో నేదియో తపతపలాడుచుండెను. తడివి తీయఁగా నిద్రాభంగమునఁ గినిసిన బురదదొందు!

"చేప నా పంచెలో పడింది. పట్టింది నేను! అల్లుడు ఓడిపోయాడు, పిల్లని పంపను!" అని నాంచారయ్య కుంటుచు గర్జించెను. పెద్దింట్లు బావురుమనెను.

నూకరాజు చేతులు జోడించి, "మావయ్యా, నన్ను ఆ కాలితోనే తన్నండి. పెద్దింట్లుని మాత్రం పంపండి," అనెను. వాని కనులలో నున్నది కొల్లునీరు కాదు.

అంతట నత్తగారగు నంకమ్మ నడుమునఁ జెఱఁగు దోఁపుకొని ముందునకు వచ్చెను.

"ఇక ఆపవయ్యా నీ గోల! చేపని నువ్వు పట్టావు, నిన్ను అల్లుడు పట్టాడు. వల్లో చేప పడితే అది వలదా, వలేసినోడిదా?"

జన్మమంతయు వలలు విసరిన నాంచారయ్య తన పంచెవంకఁ జూచుకొనెను. ఒడ్డంతయు గొల్లుమని నవ్వెను. ఆతఁడు చేఁపను దెచ్చి యల్లుని చేతఁ బెట్టి, కూఁతురి మూట తానే మోసి దోనెలో నుంచెను.

ఆచారమును గెలుచుట యల్లునకు దుర్లభము. అత్తగారిని గెలుచుట యాచారమునకును దుర్లభమే.