షూటింగ్‌లో పాలపన్ను

ఫ్రీడా మూడు రోజులుగా సూప్ తప్ప ఏమీ ముట్టడం లేదని గమనించింది సుగుణకుమారి. అది ఆమె పనే. బాపట్లలో పద్దెనిమిదేళ్లు, నాటింగ్‌హామ్‌లో మరో పదేళ్లు బడిపిల్లలకు చదువు చెప్పి, ఇప్పుడు అక్కడి నగర కౌన్సిల్ ఇచ్చిన లైసెన్సుతో సినిమా షూటింగుల్లో పిల్లల్ని కనిపెట్టుకుని ఉంటోంది. పిల్లలు ఎంతసేపు నటించాలి, ఎప్పుడు తినాలి, ఎప్పుడు చదువుకోవాలి అన్నది ఆమె మాట మీదే నడుస్తుంది.

ఫ్రీడాకు ఎనిమిదేళ్లు. జర్మనీలోని లైప్‌జిగ్ నుంచి వచ్చింది. అంతకుముందు వాళ్ల దేశంలో ఒక బిస్కెట్ల ప్రకటనలో కనిపించిందంతే. సినిమా ఇదే మొదటిది. తల్లి ఉద్యోగం పనిమీద వేరే ఊరెళ్లింది. వారాంతానికి వస్తుంది.

ఆ ఉదయం లెక్కలు చేయిస్తుంటే పిల్ల నాలుక మాటిమాటికీ పైపన్ను మీదికి పోతోంది. నోరు తెరవమంటే తెరవలేదు. కాసేపు బతిమాలించుకుని తెరిచింది. ముందుపన్ను ఊడడానికి సిద్ధంగా ఉంది.

"ఎవరికీ చెప్పొద్దు మిస్. ఇది ఊడిందంటే నన్ను పంపించేసి ఇంకో అమ్మాయిని తెచ్చుకుంటారు."

సగం సినిమాలో పన్నుతో, సగంలో తొర్రితో కనిపిస్తే ఎలా అని ఆ పిల్ల తనంతట తానే ఆలోచించుకుంది. అందుకే ఆ పస్తులు.

చెప్పనని సుగుణకుమారి మాట ఇవ్వలేదు. చెప్పేటప్పుడు నువ్వూ పక్కనే ఉందువుగాని అని, చేయి పట్టుకుని మేకప్ గదికి తీసుకెళ్లింది. అక్కడ ఏంజెలినా బ్రష్షులు తుడుచుకుంటోంది. లండన్ ఇల్ఫర్డ్‌లో పెరిగిన తెలుగు నర్సుగారి అమ్మాయి. సంగతి విని తేలిగ్గా నవ్వేసింది.

"అది మాకెప్పుడో తెలుసు ఆంటీ. ఆడిషన్ అయిన వారమే డెంటిస్ట్‌కి చూపించాం. ఊడితే పెట్టడానికి స్పేర్ టూత్ కూడా చేయించేశాం."

చిన్న డబ్బీ తెరిచి చూపించింది. లోపల అచ్చం ఫ్రీడా పన్నే.

"మరి పిల్లకెవరు చెప్పారు?"

ఏంజెలినా నవ్వు ఆగిపోయింది. డైరెక్టరు చెప్పే ఉంటుందని తను, తను చెప్పే ఉంటుందని డైరెక్టరు అనుకున్నారు.

కిందటేడు భర్త శుభాకర్ ఆస్పత్రిలో ఉన్నప్పుడు, ఆయన జబ్బు గురించి ఇంటిల్లిపాదికీ తెలిసిన మాట సుగుణకుమారికే ఆఖరున తెలిసింది. దాచినవాళ్లెవరూ చెడ్డవాళ్లు కారు. ఆమె ఇప్పుడూ గొంతు పెంచలేదు. డబ్బీ తీసి ఫ్రీడా అరచేతిలో పెట్టి, ఇది మొదటి రోజు నుంచీ నీకోసమే ఉందట అని చెప్పింది.

పిల్ల దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. అద్దం ముందుకెళ్లి, రెండు వేళ్లతో తన పన్ను పట్టుకుని ఒక్క లాగు లాగింది. రక్తం చూసి ఏంజెలినా టిష్యూల కోసం పరిగెత్తింది. ఫ్రీడా మాత్రం తొర్రి చూసుకుని మురిసిపోతోంది.

మధ్యాహ్నం రెండు ప్లేట్ల పాస్తా లాగించింది. డైరెక్టరమ్మ వచ్చి పక్కన కూర్చుని, ముందే చెప్పనందుకు సారీ చెప్పి, ఇంకేదైనా భయముంటే దాచొద్దంది. ఫ్రీడా కాస్త ఆలోచించి, కింది పన్నొకటి నాలుకతో కదిపి చూపించింది.

దానికి డబ్బీలో జోడు లేదు. డైరెక్టరమ్మ చటుక్కున లేచి ఫోన్ అందుకుంది. పిల్లను ఇప్పుడే డెంటిస్ట్ దగ్గరికి తీసుకెళ్లాలంది.

"లంచ్ అవర్ ఇంకా ఇరవై నిమిషాలుంది," అని, సుగుణకుమారి చీజ్ గిన్నె పిల్ల వైపు జరిపింది.