గుణదల కోర్టు

ఆ మంగళవారం నేను చేయాల్సిన పనులు ఇవి. వకాలత్ మీద స్టాంపు అతికించాలి. ఒప్పందం అసలు కాగితాన్ని మడత పెట్టకుండా ప్లాస్టిక్ కవరులో పెట్టాలి. దానికి మూడు జిరాక్సులు తీయించాలి. ఒకటి మా సీనియర్ అబ్దుల్ రవూఫ్ గారు పోగొడతారు కాబట్టి నాలుగు తీయించాలి. తెరేసమ్మగారిని పదిన్నరకల్లా కోర్టు హాల్లో కూర్చోబెట్టాలి. అడగనిదే ఏమీ మాట్లాడవద్దని ఆమెకు చెప్పాలి.

అన్నీ చేశాను. చివరిదానికి ఆమె సరేనన్నారు. జడ్జిగారు ఆమెనే అడుగుతారని మేమెవరమూ అనుకోలేదు.

తెరేసమ్మగారు గుణదల మేరీమాత కొండకు వెళ్ళే దారిలో, రేకుల షెడ్డులో కొవ్వొత్తులు పోస్తారు. కోయంబత్తూరు కంపెనీ దగ్గర ఒక యంత్రం కొన్నారు. అందులోంచి వచ్చే కొవ్వొత్తికి వత్తి మధ్యలో ఉండదు. వెలిగిస్తే ఒక పక్కే కరిగి, నమస్కారం పెట్టినట్టు వంగుతుంది. కంపెనీవాళ్ళు రెండుసార్లు వచ్చి చూసి, తప్పు మైనానిదన్నారు. యంత్రం వెనక్కి తీసుకోవాలని ఆమె విజయవాడ కోర్టులో దావా వేశారు. కంపెనీ వత్తి గురించి ఒక్క ముక్కా అనలేదు. ఈ దావా కోయంబత్తూరులో వేయాలి, ఇక్కడ చెల్లదని పిటిషన్ పెట్టింది.

అక్కడికి వెళ్ళమంటే తెరేసమ్మగారు కేసు వదిలేసుకుంటారు. భర్త మరియదాసుగారికి పక్షవాతం. ఆయనకు అన్నం తినిపించేది ఆమె ఒక్కరే. పండగకు కొవ్వొత్తులు పోయాల్సిన షెడ్డులో ఆ యంత్రం అలాగే ఉండిపోతుంది.

ఒప్పందం ఇంగ్లీషులో ఉంది. పద్నాలుగో షరతు తెలుగులో ఇలా వస్తుంది: వివాదాలు ఫలానా ఊరి కోర్టులలో మాత్రమే విచారించాలి. ఊరి పేరు దగ్గర కంపెనీ ఖాళీ వదిలింది. అమ్మేవాళ్ళు దాన్ని చేత్తో నింపాలి. మా కాగితంలో ఆ ఖాళీలో నీలం సిరాతో ‘గుణదల’ అని ఉంది. తర్వాత వచ్చిన బిల్లు వెనక మాత్రం, కోయంబత్తూరు కోర్టుల పరిధికి లోబడి అని సన్న అక్షరాల్లో అచ్చు వేసి ఉంది.

“గుణదలలో కోర్టు లేదమ్మా బ్లెస్సీ,” అన్నారు రవూఫ్ గారు, మెట్లెక్కుతూ.

“తెలుసండీ. గుణదలవాళ్ళు ఏ కోర్టుకి వస్తారో ఆ కోర్టని అర్థం అంటానండీ.”

“ఆ మాట నువ్వే అను. నేనంటే నవ్వుతారు. నువ్వంటే పాపం కొత్తమ్మాయి అనుకుంటారు.”

కంపెనీ తరఫు వకీలు హర్షవర్ధన్ గారు ముందు లేచారు. “గుణదలలో చర్చి ఉంది, రైల్వే స్టేషనుంది. కోర్టు లేదు మేడమ్. లేని కోర్టు పేరు రాస్తే ఆ జాగా ఖాళీగా ఉన్నట్టే. ఇక మిగిలేది బిల్లు మీద మాట. అసలు ఆ పేరు ఎవరు, ఎప్పుడు రాశారో కూడా మాకు అనుమానమే.”

జడ్జిగారు కాగితాన్ని వెలుతురుకు పెట్టి చూశారు. “తెరేసమ్మగారూ, ఇది రాసింది మీరేనా?”

“కాదండీ. నాకు సంతకం వరకే వచ్చు. ఆ బాబు రాశాడు. అదిగో, గళ్ళ చొక్కా.”

“మీరు చెబితేనే రాశారా?”

“అవునండీ. ఏదన్నా గొడవొస్తే ఎక్కడ చెప్పుకుంటారమ్మా అన్నాడు. గుణదలలో చెప్పుకుంటానన్నాను.”

“గుణదలలో ఎవరికి?”

“మాతకండీ. నా గొడవలన్నీ ఆ తల్లికే చెప్పుకుంటా. ఇంకెవరున్నారండీ నాకు?”

స్టెనో టైపు చేయడం ఆపారు. “మాత అని కొట్టమంటారా మేడమ్?”

“ఆగండి.”

హర్షవర్ధన్ గారి ముఖం వెలిగింది. “నేననేదీ అదే మేడమ్! ఆవిడ మనసులో కోర్టే లేదు. ఆ షరతు లేనట్టే. బిల్లే మిగిలింది.”

రవూఫ్ గారు ఫ్యాను వైపు చూశారు. సాయం రాదని అర్థమై నేను లేచాను.

“ఆమె మాతనే అనుకున్నారు, నిజమే మేడమ్. కానీ కోర్టులు అనే మాట కంపెనీ అచ్చు వేసింది. ఖాళీ వదిలిందీ కంపెనీయే. అందులో రాసినాయన ఏమనుకుని రాశారో ఆయన్నే అడగండి.”

గళ్ళ చొక్కాయన పేరు సిద్ధార్థ, కంపెనీకి ఇక్కడి సేల్స్‌మన్. పిటిషన్ ఓడితే యంత్రం బాగానే ఉందని చెప్పించడానికి కంపెనీయే తీసుకొచ్చింది.

“ఆయన ఈ విషయానికి రాలేదు మేడమ్,” అన్నారు హర్షవర్ధన్ గారు.

“వచ్చి కూర్చున్నారుగా,” అన్నారు జడ్జిగారు. “చెప్పండి, ఇది మీ రాతేనా?”

సిద్ధార్థ లేచి, ఒకసారి హర్షవర్ధన్ గారిని, ఒకసారి తెరేసమ్మగారిని చూశాడు. రాయలేదంటే ఆ పూటతో మా కేసు అయిపోయేది. కంపెనీ దగ్గర కాపీ లేదన్నారు కాబట్టి కాదనేవాళ్ళూ లేరు.

“నాదేనండీ. సంతకం పెట్టకముందే రాశాను. మా మేనేజర్ గారు చూసే స్టాంపు వేశారు.”

“అది కోర్టు గురించి అని మీకు తెలుసా?”

“తెలుసండీ. ఆవిడకి అర్థమవ్వాలని చెప్పుకోవడం అన్నాను. ఆవిడ గుణదల అంది. వాళ్ళకి బెజవాడ కోర్టే కదా, దగ్గరే కదా అనుకున్నా.”

“కోయంబత్తూరని రాయమని మీకు చెప్పలేదా?”

“చెప్పారండీ. కానీ ఆవిణ్ణి అడిగాక, ఆవిడ చెప్పింది రాయకపోతే ఇంక అడగడం ఎందుకండీ?”

జడ్జిగారు అప్పటికప్పుడే ఉత్తర్వు చెప్పి టైపు కొట్టించారు. గుణదల విజయవాడలో భాగం. అక్కడివారు వచ్చేది ఈ కోర్టుకే. తన మనిషి తెలిసి రాసి, తాను స్టాంపు వేసిన మాటకు అర్థం లేదని కంపెనీ అనజాలదు. బిల్లు వెనక అచ్చుకు తెరేసమ్మగారు ఒప్పుకున్నట్టు ఎక్కడా లేదు. దావా ఇక్కడే నడుస్తుంది.

వరండాలో తెరేసమ్మగారు నా చెయ్యి పట్టుకున్నారు. “గెలిచామా అమ్మా?”

“ఇంకా లేదు,” అన్నారు రవూఫ్ గారు. “ఓడినా ఊళ్ళోనే ఓడతాం. అంతవరకు తేలింది.”

“చాలండీ. ఆయన అన్నం వేళకి ఇంట్లో ఉంటాను,” అని ఆమె ఆటో ఎక్కారు.

యంత్రం సంగతి ఇంకా విచారణలో ఉంది. సిద్ధార్థను మాత్రం కంపెనీ ఆ నెలాఖరుకే మానిపించింది. అది తన రాత కాదని ఆ రోజు ఒక్క మాట అని ఉంటే ఉద్యోగం ఉండేది. తెరేసమ్మగారు ప్రతి ఆదివారం ఆయన పేరు చెప్పి ప్రార్థన చేయిస్తున్నారు. మీరు ప్రార్థన చేసేవారైతే ప్రార్థనలో, చేయనివారైతే ఎవరి కోసమైనా ఫారం నింపేటప్పుడు, సిద్ధార్థను జ్ఞాపకం చేసుకోండి.