చాలు అన్న మాట

ఊరందరిదీ ఒక దారైతే ఉలిపికట్టెది ఒక దారి. డోర్నకల్ రైల్వే గ్యాంగ్‌మన్ కొడుకు సాంసన్‌ది ఆ రెండో దారి. మనిషి ఒళ్లు ఎంతదాకా ఓర్చుకుంటుందో జనం ముందు చూపడమే తన కళ అనేవాడు. మంచుగడ్డల మీద పడుకున్నాడు, మెడదాకా మట్టిలో నిలబడ్డాడు. నర్సు పని చేసే అక్క మనీషా, వీడెక్కడ చస్తాడోనన్న భయంతో ప్రతిసారీ పక్కనే ఉండేది.

ఇద్దరి మధ్యా ఒకటే ఒప్పందం. ఆట మొదలయ్యాక సాంసన్ నోరు విప్పడు. మనీషా "చాలు" అంటే మాత్రం "అక్కా" అని పలికి ఆపెయ్యాలి. రెండేళ్ల కింద హైదరాబాదులో ఆమె గంట ముందే చాలన్నది. అతను ఆపాడు గానీ, ఏడాదిపాటు ఆమె మొహం చూడలేదు. ఆ ఏడాదంతా ఆమెకు ముద్ద దిగలేదు.

ఈసారి తొర్రూరు అవతల ఒక ఊరి అంగడి. మనీషానే అతని చేతులకూ ఛాతీకీ నలభై సూదులు చర్మం పైపొరలో గుచ్చింది. అలా నాలుగు గంటలు ఎండలో కదలకుండా నిలబడాలి. జనం నవ్వారు, ఫోన్లలో వీడియోలు తీసుకున్నారు.

ఇంకో అరగంట ఉందనగా, టమాటాలు అమ్ముతున్న కొమురమ్మ ఎండకు తాళలేక కడుపు పట్టుకుని కూలబడింది. ఆమె తల్లి గట్టమ్మ బిడ్డను చూసింది, సూదుల మనిషిని చూసింది.

"ఓరి నీ చేతులిరగ! గాడ గుచ్చుకుంటే గీడ నా బిడ్డకు పోట్లు లేస్తున్నయ్! బాణామతిగాడు!"

మొదటి రాయి నుదుట తగిలింది. "ఎవలురా నువ్వు? పేరు చెప్పు!"

సాంసన్ చెప్పలేదు. కర్ర మోకాలి మీద పడింది. బోర్లా పడ్డాడు, సూదులు లోపలికి దిగాయి. అయినా కిక్కురుమనలేదు.

"చూసినవా, పేరు చెప్తలేడు! లోపట మంత్రం సదువుతుండు!"

"నా తమ్ముడే అన్నా! సూదులు నేనే గుచ్చిన, నేను నర్సును!" అని మనీషా గొంతు చించుకుంది. ఎవడో జుట్టు పట్టి ఆమెను ఈడ్చాడు. సిగ్గుచేటు సంగతి ఏమిటంటే, అప్పుడు కూడా ఆమె గడియారం చూసుకుంది. ఇంకా ఇరవై నిమిషాలు. చాలంటే మళ్లీ మాట్లాడడేమోనని ఆగింది.

"పండ్లు పీకుండ్రి! ఇగ మంత్రం పారదు!" అన్నది గట్టమ్మ. ముందుపళ్లు పోతే మంత్రం పలకదని ఆ వైపు పాత నమ్మకం. మోటారు మెకానిక్ ఒకడు కటింగ్ ప్లేయర్ తెచ్చాడు. నలుగురు తల అదిమి పట్టారు. సాంసన్ పళ్లు బిగించాడు. దవడ మీద గుద్దారు, నోరు తెరుచుకోలేదు. ముక్కు మూశారు. ఊపిరి బిగబట్టడం అతను ఏళ్లుగా నేర్చిన విద్య. అప్పుడూ తెరుచుకోలేదు.

ఇంతలో రోడ్డు మీద పోలీసు జీపు హారన్ వినబడింది. గుంపు చివర నుంచి జనం జారుకోసాగారు. మనీషా అది వినలేదు. నెత్తుటిలో మునిగిన తమ్ముడి మొహమే ఆమెకు కనబడుతోంది.

"చాలు తమ్మీ! చాలు!"

మాట తప్పే మనిషి కాదు సాంసన్. "అక్కా" అనడానికి నోరు తెరిచాడు. ప్లేయర్ లోపలికి పోయింది.

ఇప్పుడతని మాటలు సగం ఎవరికీ అర్థం కావు. "అక్కా" అన్న పిలుపొక్కటే సాఫ్‌గా వస్తుంది, దానికి ముందుపళ్లతో పనిలేదు. అది వినబడ్డ ప్రతిసారీ మనీషా చెవులు మూసుకుంటుంది.